గేమ్ కంపెనీ జింగా 2013లోనే అయిపోయిందన్నారు కదా, 2022లో 12.7 బిలియన్ డాలర్లు ఎలా పలికింది?

పెన్నాతీరం
మా తమ్ముడు, వాడి ఇద్దరు ఫ్రెండ్స్ కలిసి గేమ్ చేస్తున్నారు. ఒకే ఒక్క మెసేజింగ్ యాప్ లోపల ఆడుకునే గేమ్, బయట ఎక్కడా దొరకదు. ఇంట్లో డబ్బు అడుగుతున్నాడు. "జింగా కూడా ఫేస్‌బుక్ లోపలే పుట్టింది, 12.7 బిలియన్ డాలర్లకు అమ్ముడైంది" అని వాడి వాదన. మా ఆఫీసులో సీనియర్లేమో జింగా 2013లోనే కుప్పకూలిందంటారు. రెండూ నిజమైతే మధ్యలో ఏం జరిగింది? తెలిసినవాళ్ళు మొదటినుంచి చెప్పండి. "ప్లాట్‌ఫామ్‌ని నమ్మొద్దు" లాంటి ఒక్క ముక్క జవాబులు వద్దు, అవి నాన్నకి నేనే చెప్పగలను.

కోడ్‌కోటయ్య
అందరూ జింగా పొలం ఆట ఫార్మ్‌విల్‌తో మొదలుపెడతారు గానీ అసలు మొదలు పోకర్. 2007లో శాన్ ఫ్రాన్సిస్కోలో మార్క్ పింకస్ ఇంకొందరితో కలిసి కంపెనీ పెట్టాడు. జింగా అన్నది ఆయన పెంచుకున్న బుల్‌డాగ్ పేరు, లోగోలో కుక్క అదే. ఆ మే నెలలోనే ఫేస్‌బుక్ బయటి డెవలపర్లకు తలుపులు తీసింది. వేసవి దాటకుండానే వీళ్ళ టెక్సస్ హోల్డెమ్ పోకర్ అందులో ఉంది.

నెట్‌లో పోకర్ సైట్లు అప్పటికే బోలెడు. అక్కడ ఎదురుగా కూర్చున్నవాడు ఎవడో తెలీదు. ఇక్కడ టేబుల్ చుట్టూ మన కాలేజీ వాళ్ళ అసలు పేర్లు, అసలు ఫోటోలు. ఆట ఉచితం, చిప్స్ (పందెం బిళ్ళలు) అయిపోతే కొనుక్కోవాలి. ఆ పోకర్ ఇప్పటికీ నడుస్తోంది, అది మాత్రం మర్చిపోవద్దు, చివర్లో పనికొస్తుంది.

మానుకోట_మల్లి
2009ల మా హాస్టల్‌ల రాత్రంత గదే పని. చిప్స్ కొనుడే ఉంటది, గెలిచినయి అమ్ముకునుడు ఉండదు. పైసలు పెట్టి పైసలు గెలిచే ఆట వేరే, గిది వేరే.

కోడ్‌కోటయ్య
@మల్లి నిజం పైసల పోకర్ కూడా చూశారు. 2013 ఏప్రిల్‌లో బ్రిటన్‌లో మొదలుపెట్టారు. అమెరికాలో కూడా లైసెన్సు తెస్తారని షేర్‌హోల్డర్లు ఆశగా ఉంటే, జూలైలో ఆ ఆలోచన మానుకున్నామని చెప్పేశారు.

న్యూజెర్సీ_పిన్ని
ఫార్మ్‌విల్ సంగతి నేను చెప్తా, మీరంతా అప్పుడు పిల్లలు. 2009 జూన్‌లో వచ్చింది. ఇక్కడ మోకాలి లోతు మంచు పడే జనవరిలో నేను స్ట్రాబెర్రీలు కోసేదాన్ని. అది నాలుగు గంటల పంట, టైముకి కోయకపోతే వాడిపోయేది. నిద్రపోయే ముందు ఏ పంట వేయాలి, ఆఫీసుకి వెళ్ళేముందు ఏది వేయాలి అని లెక్కలు వేసుకునేవాళ్ళం. పక్కచేను వాళ్ళకి ఎరువు వెయ్యొచ్చు, చెట్లు బహుమతిగా పంపొచ్చు. పొలం పెద్దది కావాలంటే పక్కచేను వాళ్ళు ఉండాలి కాబట్టి అందరినీ చేర్చేవాళ్ళం. ఏళ్ళ తరబడి మాటల్లేని నా డిగ్రీ క్లాస్‌మేట్ ఒకరోజు నా చేనుకి ఎరువు వేసి వెళ్ళింది. ఆ రాత్రే తనకి మెసేజ్ పెట్టా. ఇప్పుడు వాళ్ళమ్మాయి పెళ్ళికి నేను వెళ్ళొచ్చా. దాన్ని టైమ్‌పాస్ ఆట అని కొట్టిపారేసేవాళ్ళతో నేను ఒప్పుకోను.

కాకినాడ_కాజా
"ఒంటరి ఆవు నా పొలంలోకి వచ్చింది, ఎవరైనా పెంచుకోండి" అని రోజుకి నాలుగు పోస్టులు పెట్టింది మీరేనన్నమాట పిన్నీ!

న్యూజెర్సీ_పిన్ని
నేనే బాబూ. ఎవరెవరు తీసుకెళ్ళారో కూడా గుర్తుంది.

లెవెల్‌డిజైన్
బెంగళూరులో గేమ్ స్టూడియోల్లో చాన్నాళ్ళు పనిచేశా, కాబట్టి పిన్నిగారు చెప్పింది లోపలివైపు నుంచి చెప్తా.

ఆ ఆవు దానంతటది రాలేదు. ఏ పోస్టుకి ఎంతమంది క్లిక్ చేస్తున్నారు, ఎంతమంది కొత్తవాళ్ళు వస్తున్నారు, వాళ్ళలో మర్నాడు తిరిగొచ్చేవాళ్ళెంత, అన్నీ కొలిచేవాళ్ళు. బటన్ రంగు కూడా రెండు రకాలుగా పెట్టి, ఏది గెలిస్తే అది ఉంచేవాళ్ళు. మేం ఆటని సర్వీసులాగా నడపడం నేర్చుకున్నది ఆ పద్ధతి చూసే: విడుదల రోజు పని అయిపోదు, ఆ రోజే మొదలవుతుంది. డబ్బు పెట్టే ఆటగాళ్ళు ఎప్పుడూ 5 శాతం లోపే. మిగతా 95 శాతాన్ని నిలబెట్టుకుంటేనే ఆ కొద్దిమంది నిలుస్తారు.

ఫార్మ్‌విల్‌ని మైమినీలైఫ్ అనే చిన్న టీమ్ దాదాపు ఐదు వారాల్లో కట్టింది. ఆ టీమ్‌ని జింగా కొనుక్కుంది. వాళ్ళు ముందే కట్టుకున్న ఇంజిన్ (ఆటని నడిపే సాఫ్ట్‌వేర్) ఉండబట్టి అంత త్వరగా అయింది. 2010 మార్చి నాటికి నెలకు 8 కోట్ల 30 లక్షల మంది ఆడుతున్నారు.

చేనుగట్టు
ఐదు వారాల్లో ఎందుకయిందంటే ఫార్మ్ టౌన్ అని అప్పటికే ఇంకో కంపెనీ చేసిన ఆట ఉంది కాబట్టి. దానికంటే ముందు చైనాలో హ్యాపీ ఫార్మ్. జింగా మాఫియా వార్స్‌కి ముందు వేరేవాళ్ళ మాబ్ వార్స్ ఉంది, ఆ కేసులో జింగా డబ్బిచ్చి రాజీ చేసుకుంది. 2012 జనవరిలో టైనీ టవర్ చేసిన ముగ్గురు మనుషుల కంపెనీ, తమ ఆట తెరలూ జింగా డ్రీమ్ హైట్స్ తెరలూ పక్కపక్కన పెట్టి చూపించింది. అదే ఏడాది జింగా ఆట ద విల్ అచ్చం మా సిమ్స్ సోషల్‌లాగా ఉందని ఈఏ అనే పెద్ద గేమ్ కంపెనీ కోర్టుకెక్కింది. కొలిచే తెలివి ఉంటే సరిపోదు, కొత్తది పుట్టించే ఓపిక కూడా ఉండాలి.

లెవెల్‌డిజైన్
@చేనుగట్టు టైనీ టవర్ విషయంలో పూర్తిగా మీవైపే, ఆ తెరలు చూస్తే మాట్లాడటానికేం లేదు. కానీ ఫార్మ్ టౌన్ ఉన్నా జనం ఫార్మ్‌విల్‌కి ఎందుకొచ్చారు? సర్వర్లు. రోజుకి కోటి మంది వచ్చిపడినా ఆట ఆగలేదు. ఆ పని ఎంత కష్టమో చేసినవాళ్ళకే తెలుసు.

మానుకోట_మల్లి
ఫ్రీ క్యాష్ ముచ్చట ఎవ్వరూ చెప్పరేంది? ఐక్యూ క్విజ్ ఆడు, ఫోన్ నెంబర్ కొట్టు, ఆట పైసలు తీస్కో. తర్వాత నెలనెలా ఫోన్ బిల్లుల డాలర్లు కట్. 2009ల అమెరికాల పెద్ద లొల్లి అయింది.

కోడ్‌కోటయ్య
అవును, టెక్‌క్రంచ్ అనే టెక్ వార్తల సైటు దాన్ని స్కామ్‌విల్ అని వరసగా రాసింది. మొదట్లో డబ్బు రావడం కోసం చేయకూడని పనులన్నీ చేశానని పింకస్ తనే ఒక సభలో చెప్పిన వీడియో అప్పుడే బయటికొచ్చింది. ఆ నవంబర్‌లో వాళ్ళ ఫిష్‌విల్‌ని ఫేస్‌బుక్ కొన్నిరోజులు ఆపేసింది. జింగా ఆ ఆఫర్లు తీసేసింది. నా మటుకు నాకు ఆ కంపెనీ కథలో అన్నిటికన్నా చెడ్డ పేజీ అదే. కాపీ కొట్టడం తోటి కంపెనీలకి చేసిన అన్యాయం. ఇది ఆడుకోవడానికొచ్చిన మామూలు జనానికి చేసింది.

న్యూజెర్సీ_పిన్ని
2010లో హైతీ భూకంపం వచ్చినప్పుడు ప్రత్యేకం విత్తనాలు అమ్మి ఆ డబ్బు అక్కడికి పంపారు. అది కూడా రాయండి.

చేనుగట్టు
ఇప్పుడు అసలు ప్రశ్నకి వద్దాం. జింగా చేసింది కౌలు సేద్యం. పొలం ఫేస్‌బుక్‌ది. విత్తనం, చాకిరీ, ఎరువు అన్నీ జింగావి, కానీ గట్టు ఎక్కడ వేయాలో, నీళ్ళు ఎప్పుడు వదలాలో ఆసామి ఇష్టం. 2010 మార్చిలో ఫేస్‌బుక్ గేమ్‌ల నోటిఫికేషన్లు ఆపేసింది, ఆవుల పోస్టులు జనం కంట పడటం తగ్గింది. తర్వాత ఆటల్లో కొనడానికి ఫేస్‌బుక్ సొంత నాణేలు, ఫేస్‌బుక్ క్రెడిట్స్ వచ్చాయి, ప్రతి రూపాయిలో 30 పైసలు ఆసామికి. ఒక దశలో ఇద్దరికీ చెడిందని వార్తలొచ్చాయి, 2010 మేలో ఐదేళ్ళ ఒప్పందం రాసుకుని సర్దుకున్నారు. 2011లో జింగా ఆదాయంలో 90 శాతం పైగా ఫేస్‌బుక్ మీదనుంచే. ఒక్క ఆసామి దగ్గర అంత కౌలు చేసేవాడికి రాత్రి నిద్రెలా పడుతుంది?

షేర్లపురాణం
రెండోవైపు కూడా చెప్పండి. 2011లో ఫేస్‌బుక్ ఆదాయంలో 12 శాతం జింగా వల్ల వచ్చింది, ఫేస్‌బుక్ ఐపీఓ (షేర్లు మొదటిసారి జనానికి అమ్మడం) కాగితాల్లోనే రాశారు. ఆసామికి కూడా ఈ కౌలుదారు అవసరమే.

లెవెల్‌డిజైన్
ఇంకొకటి. నోటిఫికేషన్లు ఆగింది 2010 మార్చిలో అయితే, జింగా ఊరు కట్టే ఆట సిటీవిల్ వచ్చింది డిసెంబర్‌లో. నెలన్నర లోపే నెలకు 10 కోట్ల మంది! నోటిఫికేషన్లు పోయినందుకే జింగా పడిపోయిందంటే ఈ సిటీవిల్‌ని ఎక్కడ పెడతారు? దెబ్బ కొట్టింది ఫోన్. జనం కంప్యూటర్ మూసి ఫోన్ తెరిచారు. ఫార్మ్‌విల్, సిటీవిల్ రెండూ ఫ్లాష్‌లో (బ్రౌజర్‌లో ఆటలు నడిపే పాత సాఫ్ట్‌వేర్) కట్టినవి, ఐఫోన్‌లో ఫ్లాష్ లేదు. స్నేహితుల జాబితా, పేమెంట్, ప్రచారం అన్నీ ఫేస్‌బుక్ చేసిపెడుతుంటే ఫోన్ మీద సొంతంగా నిలబడటం అలవాటు కాలేదు.

చేనుగట్టు
నేనన్నదీ అదే కదా, మీరు ఇంకో దారిలో అక్కడికే వచ్చారు.

లెవెల్‌డిజైన్
కాదు. ఫేస్‌బుక్ ఏ అన్యాయం చేయకపోయినా ఈ దెబ్బ తగిలేదే అంటున్నా. ఈ తేడా వాళ్ళ తమ్ముడికి ముఖ్యం.

షేర్లపురాణం
డబ్బు లెక్క నేను రాస్తా. 2011 డిసెంబర్ 16న ఐపీఓ, షేరు 10 డాలర్లు, 100 కోట్ల డాలర్లు లాగారు. మొదటిరోజే 9.50 దగ్గర ముగిసింది. 2012 మార్చిలో 14 దాటింది. అప్పుడే పింకస్‌తో సహా లోపలివాళ్ళు 12 డాలర్ల చొప్పున కొన్ని షేర్లు అమ్ముకున్నారు. మామూలు ఉద్యోగులకు అప్పటికి ఇంకా అమ్ముకునే వీల్లేదు. జూలైలో ఫలితాలు రాగానే షేరు 3 డాలర్ల దగ్గరికి జారింది. కేసులు పడ్డాయి, 2015లో 2.3 కోట్ల డాలర్లకు రాజీ అయింది.

రాత్రీపగలూ పనిచేసినవాళ్ళ చేతికి షేర్లు వచ్చేసరికి వాటి విలువ కరిగిపోయింది. ఐపీఓకి ముందు, ఇంకా వెస్ట్ కాని (పూర్తిగా సొంతం కాని) షేర్లు వెనక్కిమ్మని కొందరిని అడిగారని వాల్‌స్ట్రీట్ జర్నల్ రాసింది. స్టార్టప్‌లో జీతం బదులు షేర్లు తీసుకునే మన పిల్లలు ఈ ఒక్క ఏడాది చదివితే చాలు.

కాకినాడ_కాజా
డ్రా సమ్‌థింగ్ గుర్తుందా ఎవరికైనా? ఒకరు బొమ్మ గీస్తే ఇంకొకరు కనిపెట్టాలి. మా రూమ్మేట్ ఏం గీసినా ఏనుగే వచ్చేది.

కోడ్‌కోటయ్య
ఆ ఆట చేసిన ఓఎమ్‌జీపాప్‌ని 2012 మార్చిలో దాదాపు 18 కోట్ల డాలర్లకు కొన్నారు, ఫోన్ మీదకి త్వరగా దూకేద్దామని. కొన్న కొన్ని వారాలకే ఆడేవాళ్ళు తగ్గడం మొదలైంది. ఆ ఏడాదే కొన్న విలువలో సగం దాకా నష్టంగా రాసుకున్నారు. 2013 జూన్‌లో 520 మందిని, అంటే 18 శాతం సిబ్బందిని తీసేశారు, న్యూయార్క్‌లోని ఓఎమ్‌జీపాప్ ఆఫీసు కూడా మూసేశారు. పెన్నాతీరం, మీ సీనియర్లు చెప్పే 2013 ఇదే. మరుసటి నెలలో ఎక్స్‌బాక్స్ నడిపిన డాన్ మాట్రిక్ సీఈఓగా వచ్చాడు.

మానుకోట_మల్లి
ఆయన వచ్చి ఏం జేసిండు? 2014, 2015ల మళ్ళ కోతలే కదా.

లెవెల్‌డిజైన్
@మల్లి ఆయన చేసిన ఒక పని తర్వాత ఫలించింది. 2014లో నేచురల్‌మోషన్‌ని 52.7 కోట్ల డాలర్లకు కొన్నాడు. అప్పుడు అందరూ ఎక్కువ పెట్టాడన్నారు. కార్ల పందెం ఆట సీఎస్ఆర్ రేసింగ్ వాళ్ళదే. రెండో భాగం 2016లో వచ్చి బాగా నిలిచింది. కానీ అది వచ్చేనాటికి ఆయన లేడు, 2015 ఏప్రిల్‌లోనే వెళ్ళిపోయాడు. పింకస్ ఏడాది పాటు మళ్ళీ కూర్చుని, 2016 మార్చిలో అంతకుముందు ఈఏలో పనిచేసిన ఫ్రాంక్ జిబోని సీఈఓగా తెచ్చాడు.

జింగాని నిలబెట్టింది నా దృష్టిలో జిబోనే. కొత్త హిట్ కోసం పరుగులు తగ్గించి, ఏళ్ళ తరబడి ఆడే ఆటలు ఏవి ఉన్నాయో చూశాడు. పోకర్, మాటలు కూర్చే ఆట వర్డ్స్ విత్ ఫ్రెండ్స్. మొదటిది 2007ది, రెండోది టెక్సస్‌లో ఇంకో చిన్న కంపెనీ చేస్తే 2010లో కొన్నది. ముందు వాటిని బాగుచేయించాడు. ఆ తర్వాతే కొనుగోళ్ళు: ఇస్తాంబుల్‌లో మొదలైన గ్రామ్ గేమ్స్, హెల్సింకీ స్మాల్ జెయింట్, మళ్ళీ ఇస్తాంబుల్ పీక్. టూన్ బ్లాస్ట్ చేసిన ఆ పీక్‌లో పనిచేసేది వంద మంది చిల్లర, ఇచ్చింది 180 కోట్ల డాలర్లు! కొన్న స్టూడియోల్ని వాటి ఊళ్ళోనే, వాటి మనుషులతోనే ఉంచాడు. ఓఎమ్‌జీపాప్ దగ్గర జరిగింది మళ్ళీ జరగనివ్వలేదు.

షేర్లపురాణం
కొనడానికి డబ్బెక్కడిదనే ప్రశ్నకి ఒక ముచ్చట. 2012లో శాన్ ఫ్రాన్సిస్కో హెడ్డాఫీసు భవనాన్ని 22.8 కోట్ల డాలర్లకు కొన్నారు, గేమ్ కంపెనీకి ఇంత బిల్డింగ్ ఎందుకని అందరూ తిట్టారు. 2019లో దాన్నే దాదాపు 60 కోట్లకు అమ్మి, అద్దెకి అందులోనే ఉన్నారు.

ఆదాయం చూడండి: 2012లో 128 కోట్ల డాలర్లు, 2016కి 74 కోట్లకు పడింది, 2021లో 280 కోట్లు. పెన్నాతీరం అడిగిన 12.7 బిలియన్‌కి జవాబు ఈ మూడంకెల్లో ఉంది. జీటీఏ ఆటలు చేసే టేక్-టూ కంపెనీ కొన్నది ఫార్మ్‌విల్‌ని కాదు, జిబో కూడబెట్టిన ఫోన్ ఆటల్ని. అప్పటికి టేక్-టూకి ఫోన్ మీద పెద్ద బలం లేదు. 2021 ఏప్రిల్‌లో ఆపిల్ ప్రైవసీ నియమం మార్చాక ప్రకటనలతో ఆటగాళ్ళని తెచ్చుకోవడం కష్టమైంది, ఆగస్టులో జింగా షేరు బాగా దెబ్బతింది. అమ్మేవాడికీ కొనేవాడికీ టైము కుదిరింది. 2022 జనవరి 10న ప్రకటన, మే 23న పూర్తి.

పెన్నాతీరం
2011లో 10 డాలర్లకు షేరు కొని కదలకుండా ఉంచుకున్నవాడికి చివరికి ఎంతొచ్చింది?

షేర్లపురాణం
ప్రకటించిన రోజు లెక్క 9.86. అందులో 3.50 నగదు, మిగతాది టేక్-టూ షేర్లు. మే నాటికి ఆ షేర్లూ తగ్గాయి కాబట్టి ఇంకా తక్కువే. పదేళ్ళు ఆగినవాడికి అసలు కూడా పూర్తిగా రాలేదు. మధ్యలో 3 డాలర్లకి కొన్నవాడు మాత్రం బాగుపడ్డాడు. మీ తమ్ముడు 12.7 బిలియన్ అన్నప్పుడల్లా ఈ 10, 9.86 పక్కన రాసి చూపించండి.

న్యూజెర్సీ_పిన్ని
పాత ఫార్మ్‌విల్‌ని 2020 డిసెంబర్ 31న మూసేశారు, ఫ్లాష్ ఆగిపోయిన రోజే. ముందే చెప్పారు కాబట్టి మేమంతా కలిసి చివరి పంట కోసి, పొలం ఫోటోలు తీసి దాచుకున్నాం. నేనిప్పుడు ఫోన్లో ఫార్మ్‌విల్ 2 కంట్రీ ఎస్కేప్ ఆడుతున్నా. క్లాస్‌మేట్ కూడా.

లెవెల్‌డిజైన్
మనవైపు సంగతి ఎవరూ ఎత్తలేదు. అమెరికా బయట జింగా మొదటి ఆఫీసు బెంగళూరులోనే, 2010లో. దాన్ని నడిపించిన షాన్ కడవిల్ తర్వాత ఫ్రెష్‌టుహోమ్ పెట్టాడు, చేపలూ మాంసం ఇంటికి తెచ్చే కంపెనీ. అక్కడ పనిచేసినవాళ్ళే కొందరు 2013లో మూన్‌ఫ్రాగ్ ల్యాబ్స్ పెట్టారు. తీన్ పత్తీ గోల్డ్ వాళ్ళదే. 2021లో స్వీడన్ కంపెనీ స్టిల్‌ఫ్రంట్ కొనేసింది.

కాకినాడ_కాజా
బాహుబలి ఫోన్ గేమ్ కూడా ఆ మూన్‌ఫ్రాగ్ వాళ్ళదే! 2017లో నేను తెగ ఆడా. కోట కట్టుకోవడం, కాలకేయుల్ని ఆపడం.

మానుకోట_మల్లి
అంటే ఫార్మ్‌విల్ కాడికెల్లి మాహిష్మతి దాకా వచ్చిందన్నట్టు. గిది మస్తుంది.

లెవెల్‌డిజైన్
నవ్వులాట కాదు మల్లీ, ఈ కంపెనీ నుంచి మనకి మిగిలిన అసలు ఆస్తి అదే. కోట్లమంది ఒకేసారి ఆడే ఆటని ఎలా నడపాలో ఇక్కడ ఒక తరం నేర్చుకుంది. బెంగళూరులో ఇవాళ ఏ స్టూడియోకి వెళ్ళినా ఆ తరం వాళ్ళు ఒకరైనా తగులుతారు. వాళ్ళలో తెలుగువాళ్ళు తక్కువేం కాదు. హైదరాబాద్‌లో కూడా మనవాళ్ళు సొంత ఆటలు చేస్తున్నారు, వాళ్ళకి ఈ చరిత్ర తెలియాలి.

పెన్నాతీరం
అందరూ ఇంత ఓపిగ్గా రాసినందుకు సంతోషం. తమ్ముడికి ఈ పేజీ పంపా. "జింగా ఫేస్‌బుక్ లేకుండా పుట్టేదే కాదు కదా, ముందు పుట్టనివ్వండి" అంటున్నాడు. దానికేం చెప్పను?

చేనుగట్టు
పుట్టడం వరకు వాడన్నది నిజమే. కౌలుకి దిగడం తప్పు కాదు, కాగితం చూసుకోకుండా దిగడం తప్పు. ఆ మెసేజింగ్ యాప్ రేపు నిబంధన మారిస్తే ఆటగాళ్ళ జాబితా ఎవరి దగ్గర ఉంటుంది? వాడి దగ్గరా, యాప్ దగ్గరా? సొంత లాగిన్, కనీసం ఈమెయిల్ తీసుకునే వీలుందా? వచ్చే డబ్బులో యాప్ వాటా ఎంత? ఈ మూడింటికి జవాబు రాసి మీ నాన్నకివ్వమనండి.

లెవెల్‌డిజైన్
నాలుగోది నాది. మొదటివారం వచ్చినవాళ్ళలో నెల తర్వాత ఎంతమంది ఉంటున్నారు? వందమందితో పరీక్షించినా చాలు. ఆ అంకె బాగుంటే యాప్ బయటికి తీసుకొచ్చినా ఆట బతుకుతుంది. మొదటిరోజు నుంచే ఆండ్రాయిడ్‌కి కూడా ఆడేలా కట్టమనండి. తర్వాత మార్చాలంటే ఎంత ఖర్చో ఫ్లాష్ ఆటలు చూసినవాళ్ళకి తెలుసు.

పెన్నాతీరం
నెల లెక్క వాడి దగ్గర లేదట, వారం లెక్కే ఉందట. నెలాఖరుకి తీసి ఇక్కడే పెట్టమన్నా.

షేర్లపురాణం
పెట్టమనండి, చూస్తాం. నాన్నగారి డబ్బుకి బదులు ఎన్ని షేర్లు రాసిస్తున్నాడో కూడా అడగండి.